రాహువు ఉన్న చోటు

నవగ్రహాలలో ఎంత గొప్ప దుర్భిణికైనా కనబడనివి రాహుకేతువులు. అమృతం త్రాగుతుండగా తల తెగిన రాక్షసుని శిరస్సు రాహువు, మొండెం కేతువు. తన గుట్టు బయటపెట్టిన సూర్యచంద్రులను రాహువు పగబట్టి మ్రింగుతుంటాడని పురాణకథ. గ్రహణాలకు కారణం నీడలేనని ఆర్యభటుడు క్రీ.శ. 499లోనే వివరించాడు. అయినను సిద్ధాంతులు రాహువును వదలలేదు. వదలకపోవడమే మేలైంది.

చంద్రుని మార్గం సూర్యుని మార్గానికి సుమారు 5 డిగ్రీలు వాలి ఉంటుంది. చంద్రుడు ఆ మార్గాన్ని దాటి ఉత్తరానికి పోయే చోటు రాహువు. దక్షిణానికి దిగే చోటు కేతువు. ఈ బిందువులు వెనుకకు జరుగుతూ దాదాపు 18.6 ఏళ్ళకొక చుట్టు తిరుగుతాయి. అమావాస్యనాడు చంద్రుడు వీటి దాపున ఉంటేనే సూర్యగ్రహణం. పంచాంగకర్తకు కావలసింది ఈ లెక్కయే గాని రాక్షసుడు కాదు.

1868 ఆగస్టు 18న చంద్రుడు రాహుబిందువు దాపున ఉన్నాడు. గుంటూరు, మచిలీపట్నాలతోపాటు వాటి నడుమనున్న భట్టిప్రోలు కూడ పట్టపగలే చీకటిలో మునిగింది. గుంటూరులో ఫ్రెంచి శాస్త్రవేత్త జాన్సెన్ సూర్యుని అంచున ఎగసిన జ్వాలలను వర్ణపటదర్శినితో పరిశీలించాడు. ఆనాడు కనిపించిన ఒక పసుపు గీత అప్పటికి తెలిసిన ఏ మూలకానిదీ కాదని తరువాత తేలింది, అదే హీలియం. 1895లో రామ్సే దానిని భూమిపై కనుగొన్నాడు.

జ్వాలల కాంతిగీతలు మిక్కిలి ప్రకాశవంతంగా ఉండడంతో, గ్రహణం లేకున్నా వాటిని చూడవచ్చునని జాన్సెన్‌కు తోచింది. మరునాడే చూశాడు. ఇక ఆయనకు రాహువుతో పని లేకపోయింది.