రోము కథ మనకెలా తెలిసింది?

గోడకు తగిలించిన క్యాలెండరు ఒకసారి చూడండి. జూలై నెల ఉంది. దాని తరువాత ఆగస్టు ఉంది. ఈ పేర్లు ఎవరివి? జూలై అనేది జూలియస్ సీజర్ పేరు మీద వచ్చింది. ఆగస్టు అనేది ఆగస్టస్ పేరు మీద వచ్చింది. ఇద్దరూ రెండు వేల ఏళ్ళ కిందట రోమును ఏలినవాళ్ళు.

ఇంకో వింత ఉంది. సెప్టెంబరు అన్న పేరు ఏడు అనే మాట నుంచి పుట్టింది. కాని మనం లెక్కపెడితే అది తొమ్మిదో నెల. ఎందుకిలా? పూర్వం రోము వాళ్ళకు సంవత్సరం మార్చితో మొదలయ్యేది. మార్చి నుంచి లెక్కపెట్టి చూడండి. సెప్టెంబరు ఏడోది అవుతుంది. అక్టోబరు ఎనిమిది, నవంబరు తొమ్మిది, డిసెంబరు పది. తరువాత సంవత్సరం జనవరితో మొదలుపెట్టారు. పేర్లు మాత్రం అట్లాగే ఉండిపోయాయి.

ఇంగ్లీషు రాసే అక్షరాలు కూడా రోము వాళ్ళ నుంచి వచ్చినవే.

అంత పాత సంగతులు ఇప్పుడు మనకెలా తెలిశాయి? ఎవరో రాసిపెట్టారు కాబట్టి తెలిశాయి.

రోము ఎక్కడ ఉంది?

రోము ఇటలీ దేశంలో ఉంది. టైబర్ నది ఒడ్డున ఉంది. మొదట అది చిన్న పల్లె. క్రీ.పూ. 753లో తమ ఊరు పుట్టిందని రోము వాళ్ళు చెప్పుకునేవాళ్ళు. మొదట రాజులు ఏలారు. తరువాత జనం రాజును వెళ్ళగొట్టారు. ఏటేటా అధికారులను ఎన్నుకున్నారు. అయితే ఓటు మగవాళ్ళకే. ఆడవాళ్ళకు లేదు. బానిసలకూ లేదు.

రోము సైన్యాలు ఎన్నో దేశాలను గెలిచాయి. క్రీ.శ. 117 నాటికి బ్రిటన్ నుంచి ఈజిప్టు దాకా రోము రాజ్యమే. మంచి రోడ్లు వేశారు. దూరపు కొండల నుంచి ఊళ్ళకు నీళ్ళు తెచ్చారు. ఈ గొప్పల వెనుక లెక్కలేనంత మంది బానిసల చాకిరీ ఉంది. అదీ మరిచిపోకూడదు.

క్రీ.శ. 476లో పడమటి వైపు రాజ్యం కూలింది. తూర్పు వైపు రాజ్యం 1453 దాకా నడిచింది.

పోయిన పుస్తకాలు, మిగిలిన పుస్తకాలు

లివీ అనే ఆయన రోము చరిత్ర రాశాడు. మొత్తం 142 భాగాలు రాశాడు. అందులో ఇప్పుడు 35 మాత్రమే ఉన్నాయి. మిగతావి ఏమయ్యాయి? అప్పట్లో అచ్చు యంత్రం లేదు. ఒక పుస్తకం చూసి ఇంకో పుస్తకం చేతితో రాయాలి. అలా రాసేవాళ్ళు లేకపోతే ఆ పుస్తకం పోయినట్టే.

రోము కాలంలో ఒక వ్యాపారి ఇంకో పుస్తకం రాశాడు. అది గ్రీకు భాషలో ఉంది. ఓడలు ఏ రేవులో ఆగుతాయి, ఎక్కడ ఏ సరుకు దొరుకుతుంది అని అందులో ఉంది. మసాలియా అనే చోట నూలు బట్టలు బాగా తయారవుతాయని రాశాడు. మసాలియా అంటే మన మచిలీపట్నం వైపు ప్రాంతమని పండితులు చెపుతారు. అంటే రెండు వేల ఏళ్ళ నాటి ఆ పుస్తకంలో మన బట్ట సంగతి ఉంది. నేసిన చేతుల సంగతి మాత్రం లేదు. నూలు వడికిన ఆమె పేరు ఎవరూ రాయలేదు.

ఆడవాళ్ళు వీధిలోకి వచ్చారు

రోము మీద హానిబాల్ అనే సేనాని దండెత్తాడు. ఆ యుద్ధం రోజుల్లో, క్రీ.పూ. 215లో, రోములో ఒక చట్టం తెచ్చారు. ఆడవాళ్ళు తులం పైచిలుకు కన్నా ఎక్కువ బంగారం ఉంచుకోరాదు. రంగురంగుల బట్టలు కట్టరాదు. ఊళ్ళో గుర్రపు బండి ఎక్కరాదు.

యుద్ధం అయిపోయింది. చట్టం మాత్రం పోలేదు. క్రీ.పూ. 195లో ఆడవాళ్ళు ఇళ్ళు వదిలి వీధుల్లోకి వచ్చారు. సభకు వెళ్ళే దారులన్నీ నిండిపోయాయి. చుట్టుపక్కల ఊళ్ళ నుంచి కూడా వచ్చారు. కేటో అనే పెద్ద అధికారికి ఒళ్ళు మండింది. ఆడవాళ్ళను సమానం చేస్తే నెత్తికెక్కుతారని ఆయన వాదించినట్టు లివీ రాశాడు. ఆడవాళ్ళు వెనక్కి తగ్గలేదు. అడ్డుపడుతున్న అధికారుల గుమ్మాల దగ్గర కూర్చున్నారు. చివరికి చట్టం రద్దయింది.

ఓటు లేదు, పన్ను ఎందుకు?

క్రీ.పూ. 42లో రోములో ముగ్గురు పాలకులు ఉన్నారు. వాళ్ళు తమ దేశం వాళ్ళతోనే యుద్ధం చేస్తున్నారు. దానికి డబ్బు చాలలేదు. 1,400 మంది డబ్బున్న ఆడవాళ్ళు పన్ను కట్టాలని ఆజ్ఞ వేశారు.

అప్పుడు హోర్టెన్సియా అనే ఆమె అందరినీ వెంటపెట్టుకుని సభకు వెళ్ళింది. అందరి ముందు నిలబడి మాట్లాడింది. పదవుల్లో మాకు వాటా లేదు, అధికారంలో మాకు వాటా లేదు, మేమెందుకు పన్ను కట్టాలి అని అడిగింది. బయటి శత్రువు వస్తే సాయం చేస్తాం, మనలో మనం కొట్టుకునే యుద్ధానికి ఇవ్వం అని చెప్పింది. పాలకులు వాళ్ళను గెంటించాలని చూశారు. జనం కేకలు వేశారు. మర్నాడు పన్ను కట్టాల్సిన వాళ్ళను 1,400 నుంచి 400కు తగ్గించారు.

ఆమె మాటలను నూరేళ్ళ తరువాత కూడా జనం చదివేవాళ్ళు. కాని ఆమె మాటల అసలు ప్రతి ఇప్పుడు లేదు. అప్పియన్ అనే మగాయన ఎంతో కాలం తరువాత రాసిందే మనకు మిగిలింది. రోము ఆడవాళ్ళ గురించి తెలిసినదంతా దాదాపు ఇలాంటిదే. మాట వాళ్ళది, రాత వేరొకరిది.

ఆమె చేతి రాత

అయితే ఒక ఆమె సొంత రాత దొరికింది.

బ్రిటన్ ఉత్తరాన విండోలాండా అనే చోట రోము సైనికుల కోట ఉండేది. అక్కడ తవ్వితే పలుచని చెక్క రేకులు బయటపడ్డాయి. వాటి మీద సిరాతో రాసి ఉంది. నేల తేమగా ఉంది. లోపలికి గాలి సోకలేదు. అందుకే చెక్క పుచ్చిపోలేదు.

అందులో ఒక ఉత్తరం 1985లో దొరికింది. సుమారు క్రీ.శ. 100 నాటిది. క్లాడియా సెవెరా అనే ఆమె రాయించింది. లెపిడినా అనే స్నేహితురాలికి పంపింది. ఇద్దరి భర్తలూ సైన్యంలో అధికారులు. సెప్టెంబరు 11న తన పుట్టినరోజు అనీ, తప్పకుండా రమ్మనీ పిలుపు అది.

ఉత్తరమంతా గుమాస్తా కుదురుగా రాశాడు. చివర మాత్రం సెవెరా తనే కలం పట్టింది. ఎదురు చూస్తుంటానని రాసింది. స్నేహితురాలిని తోబుట్టువులా పిలిచింది. ఆ అక్షరాలు గుండ్రంగా లేవు. వంకరగా ఉన్నాయి. రాయడం అంతగా అలవాటు లేని చెయ్యి అని చూస్తేనే తెలుస్తుంది.

అయినా ఆ నాలుగు మాటలే ఇప్పుడు లండన్‌లో బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నాయి. లాటిన్ భాషలో ఒక ఆడమనిషి సొంత చేతి రాతలు దొరికిన వాటిలో ఇది చాలా పాతది.

ఇంగ్లండులో గిబ్బన్ అనే ఆయన 1776 నుంచి 1788 దాకా రోము చరిత్ర మీద ఆరు పెద్ద పుస్తకాలు అచ్చువేయించాడు. ఆయనకు ఈ ఉత్తరం తెలియదు. అప్పటికి అది మట్టిలోనే ఉంది. ఇప్పటి చరిత్ర పుస్తకాల్లో రాజుల పేర్ల పక్కన సెవెరా పేరు కూడా ఉంటోంది.

ఆమె రాణి కాదు. యుద్ధం గెలవలేదు. గుమాస్తా రాశాడు కదా, చాలులే అనుకోలేదు. తన మాట తనే రాసింది. అందుకే నిలిచింది.

మాట్లాడుకోండి

1. లివీ రాసిన పుస్తకాల్లో చాలా భాగం ఎందుకు పోయింది?
2. హోర్టెన్సియా పాలకులను ఏమని అడిగింది?
3. సెవెరా ఉత్తరం చివర తనే ఎందుకు రాసి ఉంటుంది?
4. మీ అమ్మమ్మ సంగతులు ఎవరైనా రాసిపెట్టారా? మీరు రాస్తే మొదటి మాట ఏది రాస్తారు?