ముందు దాని ఊరు అడగండి

నేనుండేది నాచారం. సాయంత్రాలు ఉప్పల్‌లో, ఉద్యోగాల ఇంటర్వ్యూలకు తయారయ్యే పిల్లలకు ఇంగ్లీషు చెబుతాను. "సార్, రాసేదొకటి, పలికేదొకటి. ఇదేం భాష సార్?" అని ప్రతి బ్యాచ్‌లోనూ ఎవరో ఒకరు విసుక్కుంటారు. కొత్త మాట తగిలితే ముందు దానిది ఏ ఊరో అడగమంటాను.

అమెరికాలో ఏటా జరిగే స్క్రిప్స్ స్పెల్లింగ్ బీలో పిల్లలు చేసేదీ ఇదే. మాటకు అర్థమేమిటి, ఏ భాషలోంచి వచ్చింది అని వాళ్లు అడగొచ్చు. 2024లో గెలిచిన పన్నెండేళ్ల బృహత్ సోమ కుటుంబానికి మూలం మన నల్లగొండ. టైబ్రేకర్‌లో తొంభై సెకన్లలో 29 మాటలు తప్పు లేకుండా చెప్పాడు. అతన్ని గెలిపించిన మాట ఆబ్‌సైల్, అంటే తాడు పట్టుకుని కొండ దిగడం. జర్మన్ మాట. ఇ, ఐ అక్షరాలు ఆ వరసలో జతగా వస్తే జర్మన్లు 'ఐ' అంటారు. బ్రిటన్ వాళ్లు మాత్రం యాబ్‌సేల్ అని తమకు నచ్చినట్టు తిప్పుకున్నారు.

అంతకు ముందేడు విజేతను గెలిపించిన మాట సామోఫైల్. ఇసుక నేలల్లో హాయిగా బతికే మొక్క, లేదా జీవి. గ్రీకు మాట కాబట్టి రాతలో ముందు 'పి' ఉంటుంది. గ్రీకులు 'ప్స' అని నిండుగా పలికేవారు. మనం జుగుప్స అన్నట్టే, ఇంగ్లీషు వాళ్లూ మాట నడుమ పలకగలరు. మొదట్లో వస్తేనే నాలుక మొరాయిస్తుంది. టార్మిగన్ అనే మంచుకొండల పక్షిది ఇంకో తమాషా. స్కాట్లండ్ గేలిక్ మాటకు 'పి' లేనే లేదు. గ్రీకు కాబోలనుకుని ఎవరో తగిలించారు. (ఎక్కువ చదువుకున్నవాళ్ల పనే అయి ఉంటుంది.)

మన ఊళ్ల నుంచి వెళ్లిన మాటలంటే పిల్లలకు హుషారు. నాచారం గోదాముల్లో తిరిగే పందికొక్కే ఇంగ్లీషులో బ్యాండికూట్. ఆస్ట్రేలియాలో సంచి ఉన్న వేరే జంతువుకూ ఆ పేరే పెట్టారు. ఒకప్పుడు తెల్లదొరలు తెలుగువాళ్లను, తెలుగు భాషను జెంటూ అన్నారు. పోర్చుగీసు మాట అది.

ఇక గోల్కొండ. ఇంగ్లీషు నిఘంటువులో చిన్న 'జి'తో కనబడుతుంది. అర్థం: తరగని సంపదనిచ్చే గని. రెండో అక్షరం మీద ఊనిక వేసి గాల్‌కాండా అనాలి. నిజానికి వజ్రాలు దొరికింది కోటలో కాదు, కృష్ణ ఒడ్డున కొల్లూరు లాంటి గనుల్లో; బేరసారాలు గోల్కొండలో. పేరు బేరగాళ్లకే దక్కింది! అమెరికాలోని నెవాడాలో గనుల మధ్య వెలసిన ఊరికీ గోల్కొండ అనే పేరు పెట్టుకున్నారు.

మళ్లీ స్పెల్లింగ్ బీకి వస్తే, 2021 విజేత జైలా అవాంట్-గార్డ్ చెప్పిన ఆఖరి మాట మరియా. ఒక మొక్కల ప్రజాతి పేరు. అందులో మరే అనే ఇంటిపేరు ఉందా అని ఆ అమ్మాయి సరిగ్గా పట్టుకుని అడిగింది. యొహాన్ మరే అనే వృక్షశాస్త్రవేత్త పేరే అది. మన కరివేపాకు శాస్త్రీయ నామం మరియా కోనిగీ. ఆ రెండో సగం యొహాన్ కోనిగ్ జ్ఞాపకం. లిన్నేయస్ శిష్యుడైన ఆయన 1785లో కాకినాడ దగ్గర జగన్నాథపురంలో కన్నుమూశాడు. ఈమధ్య కొందరు శాస్త్రవేత్తలు కరివేపాకును మరియా నుంచి తీసి బెర్గెరా అనే ప్రజాతిలో వేశారు. పోటీ పిల్లలకు ఇంకో మాట దొరికింది.