మ్రోగెడు రాళ్ళు

ఒక నాదమును పుట్టించి కాలచక్రమునే కదలించు యంత్రములను కథకులు కల్పించియున్నారు. అట్టి యంత్రము లోకములో లేదు. కాని కొట్టినంతనే గంటవలె మ్రోగుచు, నాలుగువేల యేండ్ల క్రిందటి మనుష్యులను గూర్చి మన కున్న అభిప్రాయమును కొంత మార్పించిన సాధన మొకటి బళ్ళారి చెంత గలదు. అది ఒక నల్లరాళ్ళ వరుస.

బళ్ళారి నేడు కర్ణాటకములో నున్నను అనంతపురమునకు పరాయి చోటు కాదు. 1882లో వేరుపడువరకు అనంతపురము బళ్ళారి జిల్లాలోని భాగమే. నేల యొకటే, కరవు నొకటే. పడమటి కనుమలు నైరుతి మేఘముల తేమను ముందే పిండివేయుటచే అనంతపురమున ఏటా సగటున 550 మిల్లీమీటర్ల వానయే కురియును. చెట్లు తక్కువ, బండలు ఎక్కువ. రైతున కిది శాపమైనను, రాతిని చదువువానికి పుస్తకము తెఱచి పెట్టినట్లుండును.

ఈ ప్రాంతపు గ్రానైటు గుట్టల నడుమ అక్కడక్కడ, ఎవరో గోడ కట్టినట్లు తిన్నగా సాగు నల్లని రాళ్ళ బారులు కనబడును. వీనిని డైకులందురు. పూర్వము గ్రానైటు నెఱ్ఱెలు విచ్చినపుడు అడుగునుండి కరిగిన శిల పైకి ఎక్కి, ఆ నెఱ్ఱెలలోనే గడ్డకట్టినది. ఆ రాయి పేరు డోలరైటు. ఎండకు, వానకు అది గుండ్లుగా విడిపోయి ఒకదానిపై నొకటి ఒరిగియుండును.

బళ్ళారికి దాపున సంగనకల్లు, కుప్గల్ గ్రామములకడ నున్న కొండపై ఇట్టి డైకు కలదు. నవీన శిలాయుగపువారు దాని రాతితో గొడ్డళ్ళు చేసిరి. గుండ్లపై మూపురము గల ఎద్దులను, మనుష్యులను పొడిచి చెక్కిరి. ఈ బొమ్మలను గూర్చి 1892లో ఫాసెట్ అను ఆంగ్లేయుడు వ్రాసెను. 2004లో నికోల్ బోయివిన్ అను పురాతత్త్వవేత్త మఱియొక విశేషమును ప్రకటించెను. అక్కడి గుండ్లలో కొన్నింటిని గ్రానైటు రాతితో కొట్టినచో ఖంగుమని మ్రోగును. పలుమార్లు కొట్టుటచే వానిపై నున్నని గుంటలు పడియున్నవి.

రాయి ఏల మ్రోగవలెను? మట్టికుండ కొనునపుడు గృహిణి దానిని వేలితో తట్టి చూచును. బాగుగా కాలి, పగులు లేనిది ఖంగుమనును; పగిలినది బొద్దుమనును. రాతి సంగతియు నింతే. దెబ్బ తగిలినపుడు రాయి కంటికి కనబడనంత స్వల్పముగా వంగి, మరల తిన్ననై, అటునిటు ఊగును. డోలరైటులో సన్నని స్ఫటికములు ఒకదానిలో నొకటి గట్టిగా పెనగియుండును గనుక ఆ ఊగుటలోని శక్తి త్వరగా వేడిగా మారిపోదు. పగులున్నచో దాని అంచులు ఒరసికొని శక్తిని మ్రింగివేయును.

ఇంతకంటె ముఖ్యమైనది రాయి కూర్చున్న తీరు. నేలలో పాతుకొనిన గుండు మ్రోగదు. నేల దాని కంపనమును లాగికొనును. రెండు మూడు చోట్ల మాత్రమే ఆని నిలిచినది మ్రోగును. దీనిని తరగతిలో చూపవచ్చును. తాడిపత్రి నాపరాతి పట్టె నొకదానిని, 50 సెంటీమీటర్ల పొడవుది, తీసికొని ఇరుకొనలనుండి 11 సెంటీమీటర్ల దూరమున రెండు దారములతో వ్రేలాడదీసి నడుమ తట్టవలెను. ఆ రెండు చోట్ల పట్టె దాదాపు కదలదు గనుక దారములు కంపనమును అణచవు. పిదప దానినే నేలపై పరచి తట్టినచో భేదము చెవికే తెలియును. మందము మార్చక పొడవు సగము చేసినచో పౌనఃపున్యము రెండింతలు కాదు, నాలుగింత లగును. తీగెకును పట్టెకును గల ఈ తేడాను విద్యార్థులు తరచు మఱతురు.

హంపీ విఠ్ఠలాలయపు స్వరస్తంభములలోను పనిచేయునది ఈ వంగుడు కంపనమే. అవి లోపల బోలు అని ఒక ప్రవాదము కలదు. కల్పాక్కం పరిశోధకులు వానికి హాని చేయక పరీక్షించి, అవి గట్టి రాళ్ళేయని 2008లో ప్రకటించిరి.

ఇక చరిత్ర మాట. మహబూబ్‌నగరు ప్రాంతపు ఉట్నూరులో 1957లో ఆల్చిన్ జరిపిన త్రవ్వకములవలన, ఈ పీఠభూమిలోని బూడిద దిబ్బలు ప్రాచీనుల పశువుల దొడ్లని, పేడ కాలి గట్టిపడగా ఏర్పడినవని తేలెను. అనంతపురము జిల్లా పాలవాయిలోను అట్టి దిబ్బలు గలవు. బూడిద, ఎముకలు, పెంకులు వారి బ్రదుకుతెరువును చెప్పును. వారు గుమిగూడి ఏమి వినిరో చెప్పవు. శబ్దము శిలాజము కాదు గదా! మ్రోగెడు రాళ్ళు ఆ లోటును కొంత తీర్చినవి. అది సంగీతమో, పూజయో, పిలుపో ఇప్పుడే తీర్మానించుట తొందరపాటు. కాలనిర్ణయమును సులభము కాదు. బూడిదలోని బొగ్గుకు రేడియో కార్బన్ పరీక్ష చేయవచ్చును గాని రాతిపైని గుంటకు చేయలేము. బొమ్మలలో తరువాతి కాలపువియు కలిసియున్నవి. గొడ్డళ్ళ కార్ఖానా అచ్చటనే యుండుట, ఎద్దుల బొమ్మలు మిక్కుటముగా నుండుట, ఇవి మాత్రము నవీన శిలాయుగమును సూచించును.

డోలరైటును అంగడిలో నల్ల గ్రానైటని అమ్ముదురు. కుప్గల్ కొండకు క్వారీల ముప్పు గలదని 2004 నాటి పరిశోధకులే హెచ్చరించిరి. బొమ్మ గల రాతిని పెకలించి మ్యూజియములో పెట్టినచో బొమ్మ దక్కును. ఆధారములు మారుటచే నాదము దక్కదు. కావున ఇట్టి రాళ్ళను ఉన్నచోటనే ఉంచి, ఒక్కొక్కటి ఏ చోట్ల ఆనినదో కొలిచి, గుంట లేనిచోట మెల్లగా తట్టి ధ్వనిని రికార్డు చేయవలసియుండును. అనంతపురపు డైకులలోను చెవి యొగ్గి చూడదగిన గుండ్లు అనేకము కలవు.