స్టీరింగ్‌లో కటకట: పోయింది రాక్ బుష్షా, రాక్ ఎండా? మీ ఫోన్‌తోనే తేల్చుకోండి

ఫోన్ల సైట్‌లో కారు స్టీరింగ్ గురించి ఏంటి అనుకోకండి. ఈ పనికి కావాల్సిన సగం టూల్స్ మీ జేబులోనే ఉన్నాయి. స్లో మోషన్ కెమెరా, మైకు, యాక్సిలరోమీటర్. మిగతా సగం ఒక జాకీ, రెండు స్టాండ్లు, స్టీరింగ్ ఊపడానికి ఒక మనిషి.

సమస్య చాలామందికి తెలిసిందే. 20, 30 స్పీడ్‌లో గతుకుల మీద వెళ్తుంటే ముందు నుంచి కటకటమని సౌండ్ వస్తుంది. స్టీరింగ్ పట్టుకున్న చేతికి కూడా చిన్నగా తగులుతుంది. నున్నటి రోడ్డెక్కగానే మాయం. బ్రేకు వేసినా, ఏసీ ఆపినా తేడా ఉండదు. మా ఇంటి హ్యాచ్‌బ్యాక్‌కి ఇదే వస్తే ఒక వర్క్‌షాప్‌లో కారు పైకి కూడా ఎత్తకుండా "రాక్ మొత్తం మార్చేయాలి" అన్నారు. ఇంకో చోట "స్క్రూ కొంచెం టైట్ చేస్తే సరిపోద్ది" అన్నారు. రెండు మాటల మధ్య తేడా వేల రూపాయలు. అసలు పోయిన రబ్బరు ఖరీదు మాత్రం వందల్లోనే.

మాది సాలూరు. లారీల ఊరు. బండి ముందు భాగంలో ఏది లూజైనా చూడగానే చెప్పేసే మెకానిక్‌లకి ఇక్కడ కొదవ లేదు. "ఏటి బాబూ, ముందర ఏదో కొట్టుకుంటంది" అని కింద దూరకముందే కింగ్ పిన్ బుష్ పేరు చెప్పేస్తారు. కానీ ఒక చిన్న విషయం ఉంది. లారీల్లో సాధారణంగా రాక్ ఉండదు. అక్కడ ఉండేది స్టీరింగ్ బాక్స్, దాని నుంచి డ్రాగ్ లింక్. రాక్ బుష్ అనేది కార్ల జబ్బు. అందుకే లారీ అనుభవం అంతా ఇక్కడ నేరుగా పనికిరాదు.

ఇంకో సంగతి, మన ఊరు దాటగానే ఘాట్. పాత 43, ఇప్పటి 26వ నంబరు జాతీయ రహదారి మీద పి.కోనవలస వైపు ఎక్కి సుంకి, కోరాపుట్ వెళ్లేవాళ్లకి స్టీరింగ్ ఎంత నమ్మకంగా ఉండాలో వేరే చెప్పక్కర్లేదు. మలుపులో ఎదురుగా లోడు లారీ వస్తుంటే మీకు మిగిలే జాగా చాలా తక్కువ. కాబట్టి "సౌండ్ వస్తోంది, ఘాట్ ఎక్కొచ్చా లేదా" అనేదే అసలు ప్రశ్న. సౌండ్ ఎంత పెద్దదో చూసి దీనికి జవాబు చెప్పలేం. ఏ పార్ట్ అన్నది తెలియాలి.

ఒకే సౌండ్, మూడు పార్టులు

రాక్ అంటే పళ్లున్న ఉక్కు కడ్డీ. స్టీరింగ్ తిప్పితే పినియన్ అనే చిన్న గేరు ఆ పళ్ల మీద తిరిగి కడ్డీని ఎడమకీ కుడికీ జరుపుతుంది. కడ్డీ రెండు చివర్లా రాక్ ఎండ్‌లు, వాటికి టై రాడ్ ఎండ్‌లు, అక్కడి నుంచి చక్రాలు. ఈ కడ్డీ ఒక అల్యూమినియం గొట్టం లోపల ఉంటుంది, దాన్ని హౌసింగ్ అంటారు. హౌసింగ్‌ని కారు బాడీకో సబ్‌ఫ్రేమ్‌కో క్లాంపులతో బిగిస్తారు.

ఇక్కడే తికమక. "రాక్ బుష్" అని రెండు వేర్వేరు వస్తువుల్ని పిలుస్తారు.

ఒకటి లోపలి బుష్. మన దేశంలో స్టీరింగ్ కుడివైపు ఉంటుంది కాబట్టి పినియన్ కూడా కుడివైపే. అక్కడ కడ్డీని ఒక పక్క పినియన్, ఇంకో పక్క స్ప్రింగ్‌తో నొక్కే యోక్ పట్టుకుని ఉంటాయి. ఎడమ చివర మాత్రం చాలా కార్లలో ఒక ప్లాస్టిక్ బుష్ మీదే ఆధారం. అది అరిగితే కడ్డీ గొట్టంలో పైకీ కిందకీ కొట్టుకుంటుంది. అందుకే ఈ సౌండ్ ఎక్కువగా ఎడమవైపు నుంచి వస్తున్నట్టు అనిపిస్తుంది. గట్టిగానే వస్తుంది. కానీ కదలిక పైకీ కిందకీ కాబట్టి చక్రం దిశ పెద్దగా మారదు. చిరాకు ఎక్కువ, తక్షణ ప్రమాదం తక్కువ. అలాగని ఏళ్ల తరబడి వదిలేస్తే రాక్ పళ్లు, పినియన్ కూడా పాడవుతాయి.

రెండోది బయటి బుష్. క్లాంపుకీ హౌసింగ్‌కీ మధ్య ఉండే రబ్బరు. ఇది మెత్తబడినా చిరిగినా సౌండ్ అంతగా రాకపోవచ్చు. కానీ స్టీరింగ్ తిప్పినప్పుడు ముందు హౌసింగ్ పక్కకి జరిగి, ఆ తర్వాతే చక్రం తిరుగుతుంది. ఒక రఫ్ లెక్క వేద్దాం. స్టీరింగ్ ఆర్మ్ పొడవు 15 సెంటీమీటర్లు అనుకుంటే, హౌసింగ్ 1 మిల్లీమీటర్ జరిగితే చక్రం కోణం దాదాపు 0.4 డిగ్రీలు మారుతుంది. 2.4 మీటర్ల వీల్‌బేస్ ఉన్న కారు 60 స్పీడ్‌లో ఉంటే, టైర్ల జారుడు లెక్కలోకి తీసుకోకపోతే, ఒక్క సెకనులో ఇది సుమారు 40 సెంటీమీటర్ల పక్కదారి. సౌండ్ రాని బుష్ సౌండ్ వచ్చే బుష్ కంటే ఎందుకు ముఖ్యమో ఈ లెక్కే చెబుతుంది.

మూడోది అసలు బుష్షే కాదు, రాక్ ఎండ్. రబ్బరు బూటు లోపల దాక్కున్న బాల్ జాయింట్. సౌండ్ అచ్చం అలాగే ఉంటుంది. ఇది బాగా అరిగితే ఊడిపోవచ్చు. ఊడితే ఆ చక్రానికీ మీ స్టీరింగ్‌కీ ఇక సంబంధం లేదు. ఇందులో ప్లే కనిపిస్తే ఘాట్ సంగతి మర్చిపోండి, బజారుకి కూడా వద్దు.

ఫోన్ ఎక్కడ పనికొస్తుంది

ముందుగా బయటి రబ్బరు. కారు నేల మీదే ఉండాలి, ఇంజిన్ ఆఫ్, హ్యాండ్ బ్రేకు వేసి, తాళం తిప్పి స్టీరింగ్ లాక్ తీసేయండి. పవర్ అసిస్ట్ లేకపోతే తిప్పడం బరువుగా ఉంటుంది. మనకి కావాల్సిందీ అదే, ఆ బలం అంతా రబ్బరు మీద పడుతుంది. క్లాంపు మీద నుంచి హౌసింగ్ మీదకి వైట్‌నర్‌తో ఒక గీత గీయండి. ఒక మనిషి స్టీరింగ్‌ని రెండు అంగుళాలు అటూ ఇటూ చకచకా ఊపాలి. మీరు ఆ గీతని 120 లేదా 240 ఫ్రేముల స్లో మోషన్‌లో తీయండి. చెయ్యి పట్టని చోటికి సెల్ఫీ స్టిక్ వాడండి, టార్చ్ ఆన్ చెయ్యండి. వెలుతురు తక్కువైతే స్లో మోషన్ వీడియోలో గీత కనపడదు. ప్లే చేసి చూస్తే గీత విరిగి పక్కకి జరుగుతోందా? రబ్బరు పోయింది. కంటితో చూస్తే "కొంచెం కదిలినట్టుంది" అనిపించేది వీడియోలో వాదనకి తావు లేకుండా కనిపిస్తుంది. షెడ్డులో చూపించడానికి కూడా అదే సాక్ష్యం.

తర్వాత కారు ముందు భాగం ఎత్తి స్టాండ్ల మీద నిలపండి. జాకీ ఒక్కదాన్నే నమ్మి కారు కిందకి అస్సలు వెళ్లొద్దు. వెనక చక్రాలకి అడ్డు పెట్టండి. చక్రాన్ని గడియారంలో 3, 9 ఉండే చోట్ల పట్టుకుని ఊపండి. ప్లే ఉంటే ఇంకొకరు ఊపుతుండగా మీరు రబ్బరు బూటుని గుప్పిట్లో పట్టుకోండి. లోపల టక్ టక్ చేతికి తగిలితే రాక్ ఎండ్. బయట టై రాడ్ ఎండ్ ఎగురుతూ కనిపిస్తే అది. ఈ రెండూ గట్టిగా ఉన్నాయా, అయితే ఎడమ టై రాడ్‌ని బూటు దగ్గర పట్టుకుని పైకీ కిందకీ బలంగా నెట్టి చూడండి. కడ్డీ మొత్తం హౌసింగ్‌లో టక్కుమంటే లోపలి బుష్ పోయినట్టే. 12, 6 దగ్గర ఊపినప్పుడు మాత్రమే ప్లే వస్తే కథ వేరు, వీల్ బేరింగో లోయర్ ఆర్మ్ బాల్ జాయింటో చూసుకోవాలి.

ఇవేవీ దొరకలేదా? స్టెబిలైజర్ లింక్ రాడ్‌లని అనుమానించండి. రెండు వైపులా లింకులు విప్పి కట్టేసి, ఖాళీ వీధిలో నెమ్మదిగా ఒక రౌండ్ వేయండి. సౌండ్ పోతే దొంగ దొరికాడు. హ్యుందాయ్ ఎలక్ట్రిక్ స్టీరింగ్‌లు కొన్నిటిలో మోటారు దగ్గర చిన్న రబ్బరు కప్లింగ్ ఉంటుంది. అది పొడిపొడి అయినా స్టీరింగ్‌లో ఇలాంటి టిక్ టిక్కే వస్తుంది. అయితే అది కారు నిలబడి ఉన్నా చక్రం ఊపితే డ్యాష్‌బోర్డు కింది నుంచే వినిపిస్తుంది.

చాలామంది అడిగేది: ఓబీడీ స్కానర్ పెడితే తెలియదా? తెలియదు. బుష్‌కి సెన్సార్ లేదు, ఎర్రర్ కోడ్ రాదు. ఆ డబ్బులు స్టాండ్ల మీద పెట్టండి.

యాక్సిలరోమీటర్ సంగతి కొంచెం వేరు. జర్మనీలోని ఆఖెన్ యూనివర్సిటీ వాళ్ల ఫైఫాక్స్ యాప్ ఫ్రీగా దొరుకుతుంది. ఫోన్‌ని స్టీరింగ్ కాలమ్ కవర్ మీద గట్టిగా అతికించి, ఒకే రోడ్డు మీద ఒకే స్పీడ్‌లో రిపేర్‌కి ముందు ఒకసారి, తర్వాత ఒకసారి రికార్డ్ చేస్తే తేడా గ్రాఫ్‌లో కనిపిస్తుంది. ఏ పార్ట్ పోయిందో మాత్రం గ్రాఫ్ చెప్పదు, పని అయిందో లేదో చెబుతుంది. కొత్త ఫోన్‌ని ఇంజిన్ దగ్గర బిగించి గంటల తరబడి తిప్పకండి. బైక్ ఇంజిన్ల వైబ్రేషన్ వల్ల కెమెరా స్టెబిలైజేషన్ పాడవ్వచ్చని 2021లో యాపిల్ స్వయంగా చెప్పింది. సౌండ్ రికార్డ్ చేసి మెకానిక్‌కి పంపేటప్పుడు వాట్సాప్ వాయిస్ మెసేజ్ వద్దు, రికార్డర్ ఫైల్‌ని డాక్యుమెంట్‌గా పంపండి. వాయిస్ మెసేజ్ మాటల కోసం కుదించి పంపుతుంది, మీ కటకట సగం పోతుంది.

మార్చేటప్పుడు

హైడ్రాలిక్ పవర్ స్టీరింగ్ అయితే ఆయిల్ పైపులు విప్పాలి కాబట్టి వర్క్‌షాప్‌కి ఇచ్చేయండి. మన చిన్న కార్లలో ఎక్కువ వాటికి మోటారు కాలమ్ మీద ఉంటుంది, కింద రాక్ మామూలుదే. వాటికి పని అంత కష్టం కాదు. అయినా మొదటిసారి తెలిసిన మెకానిక్ పక్కన ఉంటే మంచిది.

విప్పే ముందు చక్రాలు నిటారుగా పెట్టండి. బ్యాటరీ నెగటివ్ తీసేయండి. స్టీరింగ్ చక్రాన్ని సీట్ బెల్టుతో కదలకుండా కట్టేయండి. ఇది చాలామంది వదిలేసే స్టెప్. కింద షాఫ్ట్ విప్పాక చక్రం ఇష్టమొచ్చినట్టు తిరిగితే లోపల ఎయిర్‌బ్యాగ్‌కి వెళ్లే చుట్ట కేబుల్ తెగుతుంది. వందల పని వేలల్లోకి వెళ్లేది ఇక్కడే. షాఫ్ట్ జాయింట్ మీద కూడా వైట్‌నర్ గీత గీసి ఫోటో తీయండి. టై రాడ్ ఎండ్ విప్పేటప్పుడు ఎన్ని చుట్లు తిరిగిందో లెక్క రాసుకోండి.

బయటి రబ్బరు కొన్ని కార్లలో రాక్ దించకుండానే, క్లాంపు విప్పి మార్చేయొచ్చు. లోపలి బుష్‌కి మాత్రం ఎడమ రాక్ ఎండ్, బూటు తీయాలి. పాత బుష్‌ని వంపు తిరిగిన సన్నటి కొక్కెంతో లాగాలి. దాని చెవులు హౌసింగ్ గాడిలో కూర్చుని ఉంటాయి, కొత్తది కూడా అలాగే కూర్చోవాలి. కడ్డీకి గ్రీజు రాసి బిగించండి. ఈ దశలో కడ్డీని వేలితో తడిమి చూడండి. బూటు చిరిగి వాన నీళ్లు వెళ్లి తుప్పు పట్టి ఉంటే కొత్త బుష్‌ని ఆ గరుకు నెలల్లో తినేస్తుంది. అలాంటప్పుడు "రాక్ మొత్తం మార్చాలి" అన్నవాళ్లు నిజమే చెప్పినట్టు.

బుష్ కొనేటప్పుడు మోడల్ పేరు ఒక్కటే చెప్పకండి. రానే, జేటెక్ట్ లాంటి కంపెనీలు కార్ల వాళ్లకి స్టీరింగ్‌లు సప్లై చేస్తాయి. ఒకే మోడల్‌లో వేర్వేరు రాక్‌లు రావొచ్చు. హౌసింగ్ మీద ఉన్న పేరు, నంబర్ ఫోటో తీసి షాప్‌లో చూపించండి. లేత్ షాప్‌లో నైలాన్ రాడ్ కోసి చేయించుకుందాం అనే ఐడియా మన దగ్గర తేలిగ్గా వస్తుంది. నేనైతే వద్దంటాను. నైలాన్ తేమ పీల్చి ఉబ్బుతుంది. వానాకాలంలో కడ్డీని పట్టేస్తే స్టీరింగ్ తిప్పాక తనంతట తాను వెనక్కి రాదు.

"స్క్రూ టైట్ చేస్తే సరిపోద్ది" అనే మాటకీ జవాబు ఇదే. ఆ స్క్రూ పినియన్ దగ్గరి యోక్‌ది. బిగిస్తే కడ్డీ మీద ఒత్తిడి పెరిగి సౌండ్ కొన్నాళ్లు తగ్గుతుంది, ఎడమ చివర అరిగిన బుష్ మాత్రం అలాగే ఉంటుంది. ఎక్కువ బిగిస్తే మలుపు తిరిగాక చక్రం నిటారుకి రాదు, ప్రతిసారీ మీరే లాగాలి. ఒక మలుపు అవ్వకుండానే ఇంకోటి వచ్చే ఘాట్‌లో దీనికంటే ఆ కటకటే నయం.

అన్నీ బిగించాక, బోల్టులు సర్వీస్ మాన్యువల్‌లో చెప్పిన టార్క్‌కి టార్క్ రెంచ్‌తో బిగించండి. వీల్ అలైన్‌మెంట్ తప్పనిసరి, చుట్లు ఎంత కరెక్ట్‌గా లెక్కపెట్టినా సరే. కొన్ని కార్లకి స్టీరింగ్ సెన్సార్‌ని స్కానర్‌తో మళ్లీ సెట్ చేయాలి, మీటర్ బోర్డులో స్టీరింగ్ లైట్ వెలిగితే ముందు అది చూడండి. అలైన్‌మెంట్ అయ్యాక కూడా కారు సూటిగా వెళ్తూ స్టీరింగ్ మాత్రం బాగా వంకరగా ఉంటే, షాఫ్ట్ జాయింట్ ఒక పన్ను పక్కకి కూర్చుంది. అప్పుడే మీరు తీసిన ఆ వైట్‌నర్ గీత ఫోటో పనికొస్తుంది.