హెల్మెట్ అడిగి పెట్టుకున్న నటుడు

టోక్యోలో షింజుకు నుంచి ఒడక్యూ లైను రైలెక్కి సెయ్‌జో గకుయెన్-మయేలో దిగి కాస్త నడిస్తే తోహో స్టూడియో వస్తుంది. పాతతరం సినిమావాళ్లకు ఇది కినుత స్టూడియో. లోపలికి సందర్శకుల్ని రానివ్వరు. గేటు దగ్గరి గాడ్జిల్లా విగ్రహాన్నీ, గోడ మీద ‘సెవెన్ సమురాయ్’ వీరుల నిలువెత్తు బొమ్మనూ బయటి నుంచే చూసుకోవాలి. రెండు సినిమాలనూ తోహో 1954లోనే విడుదల చేసింది. ఏప్రిల్‌లో అకిరా కురొసావా ‘సెవెన్ సమురాయ్’, నవంబర్‌లో ఇషిరో హోండా ‘గాడ్జిల్లా’.

గోడ మీద ఉన్నది ఏడుగురు వీరులు. వాళ్లను వెతికి తెచ్చిన రైతుల్లో ఒకడైన రికిచీ అక్కడ లేడు. ఆ వేషం యోషియో త్సుచియాది. బందిపోట్లు భార్యను ఎత్తుకుపోయిన మనిషి. ఆ మాట ఎవరికీ చెప్పుకోలేడు, ఎవరైనా కదిపితే మండిపడతాడు. మంటల్లో చిక్కుకున్న బందిపోట్ల స్థావరం దగ్గర ఆమె ఎదురై, భర్తను చూసి, మళ్లీ ఆ మంటల్లోకే వెళ్లిపోతుంది. అప్పటి అతని ముఖం చూశాక సినిమాలో యుద్ధం ఎందుకో ఇక ఎవరూ చెప్పనక్కర్లేదు.

అంతటి ముఖమున్న నటుడు 1957లో హోండా తీసిన ‘ది మిస్టీరియన్స్’లో గ్రహాంతరవాసుల నాయకుడి వేషం కోరి తీసుకున్నాడు. ఆ వేషానికి తలంతా మూసేసే హెల్మెట్. మామూలు మనిషి పాత్ర ఇస్తామన్నా వద్దన్నాడు. కనిపించేది నడక, వినిపించేది గొంతు. నటన ఆ రెండిట్లోనే ఉండాలి. క్యారెక్టర్ ఆర్టిస్టు ధైర్యమంటే నాకు ఇదే.

1965లో త్సుచియా వేషాలు చూడండి. ఏప్రిల్‌లో వచ్చిన కురొసావా ‘రెడ్ బియర్డ్’లో పేదల వైద్యశాలలో డాక్టరు. డిసెంబర్‌లో హోండా ‘ఇన్వేజన్ ఆఫ్ ఆస్ట్రో-మాన్‌స్టర్’లో నల్లకళ్లద్దాలు పెట్టుకుని భూమిని కాజేయాలని చూసే ఎక్స్ గ్రహాధినేత. రెండో దాన్ని పిల్లల సినిమా అని తేలిగ్గా తీసుకున్న జాడ ఒక్క ఫ్రేములోనూ లేదు. కురొసావా, హోండా ఇద్దరూ కజిరో యమమొతో దగ్గర సహాయ దర్శకులుగా పని నేర్చుకున్న మిత్రులు. తర్వాతి కాలంలో ‘కగెముషా’ నుంచి హోండా కురొసావాకు సహాయకుడిగా పనిచేశాడు కూడా. పెద్ద సినిమా, రాక్షసి సినిమా అనే అంతరం పెట్టింది విమర్శకులు. తోహో ఫ్లోర్లలో పనిచేసినవాళ్లు కాదు.

 

1991లో ‘గాడ్జిల్లా వర్సెస్ కింగ్ గిడోరా’ కోసం త్సుచియా తిరిగొచ్చాడు. యుద్ధకాలంలో ఒక దీవి మీద తన దళాన్ని కాపాడిన డైనోసారే గాడ్జిల్లా అయిందని తెలిసిన ముసలి వ్యాపారి షిండో పాత్ర. అద్దాల అవతల అది తనను చూస్తుంటే కళ్లనీళ్లతో నిలబడతాడు. ఎదురుగా ఉన్నది రబ్బరు తొడుగన్న సంగతి ఆ కాసేపు గుర్తు రాదు.

2017లో త్సుచియా కన్నుమూశాడు. కొత్తగా చూసేవాళ్లు 1960 నాటి ‘ది హ్యూమన్ వేపర్’తో మొదలుపెట్టాలి. ఒక ప్రయోగం వల్ల ఆవిరిగా మారే శక్తి వచ్చిన లైబ్రరీ ఉద్యోగి, తను ప్రేమించిన నర్తకి ప్రదర్శన కోసం బ్యాంకులు దోచే కథ. అందులో త్సుచియాదే ప్రధాన పాత్ర.