ఫోనులో తిరుగు పుకారు

పిల్లలనెత్తుకొనిపోవు ముఠాలు వచ్చినవని 2018లో వాట్సాపు ద్వారా తెలుగు పల్లెలలో పుకారు పుట్టెను. కొందరమాయకులు దెబ్బలకు ప్రాణములు కోల్పోయిరి. దారినపోవు పరదేశి ఫొటో తీసి, దొంగయని వ్రాసి పంపుట అసత్యమే కాదు, ఆతని గోప్యతకును భంగము. గోప్యత ప్రాథమిక హక్కని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మండుగురు న్యాయమూర్తులు ఏకగ్రీవముగా తీర్పు చెప్పియున్నారు. బిచ్చగానికిని ఆ హక్కు కలదు.

తెలంగాణలోని జోగులాంబ గద్వాల జిల్లాలో నాటి పోలీసు సూపరింటెండెంటు రెమా రాజేశ్వరి పల్లెలకు పోలీసులను పంపి, జానపద గాయకులచే పాటలు పాడించి నిజము తెలిపిరి. పాడువాడు ఎదుటనే నిలిచి జవాబు చెప్పవలెను. ఫోనులోని వార్తకు కర్త కానరాడు. జముకుల కథ వినెడి శ్రీకాకుళ, విజయనగర జిల్లాలవారికి ఈ భేదము క్రొత్త గాదు. అపరిచితునిపై అనుమానము కలిగినచో 112కు ఫోను చేయుడు. ఫొటో మాత్రము ఎవరికిని పంపకుడు.