మార్కస్ బార్ట్లీ వెన్నెల

బొగ్గు వెలుగును మ్రింగివేయును. గోదావరిఖని భూగర్భ గనులలోనికి దిగినవాడెవడైనను మొదట గ్రహించునది ఇదియే. టోపీకి తగిలించిన దీపము ఎదుటివాని ముఖమును చూపును గాని, ప్రక్కనున్న బొగ్గుగోడను తాకిన కాంతి మరల తిరిగి రాదు. సొరంగముల గోడలమీద తెల్లని సున్నపురాతి పొడి చల్లుదురు. బొగ్గుధూళి అంటుకొని ప్రేలుడు వ్యాపింపకుండుట దాని ముఖ్యోద్దేశమైనను, ఆ తెలుపువలన దారియు కొంత తేటపడును. చిన్ననాడు మా బాపు డ్యూటీ దిగి వచ్చి, వేన్నీళ్ళతో మెడమీది మసి రుద్దుకొనుచు ఒకనాడు అన్నమాట: “లైటొక్కటే పెద్దగుంటె సరిపోదు బిడ్డా, గోడ తెల్లగుంటెనే తొవ్వ కనవడ్తది.”

చలనచిత్ర ఛాయాగ్రాహకుని విద్యలో సగము ఆ మాటలోనే ఇమిడియున్నదని తెలిసికొనుటకు నాకు చాల ఏండ్లు పట్టినది. వెలుగు కంటికి కనబడదు. అది పడిన వస్తువు కనబడును. వెలుగు ఎచ్చట పడవలెనో, ఎచ్చట పడరాదో, పడినది ఎంత మెత్తగా తిరిగి రావలెనో నిర్ణయించువాడే ఛాయాగ్రాహకుడు. కథ మారినప్పుడెల్ల ఆ నిర్ణయములన్నియు మారవలసినదే. ఈ విద్యను తెలుగు తెరమీద ఒక్కని జీవితమందే సమగ్రముగా చూడదలచినవారు మార్కస్ బార్ట్లీని చూడవలెను.

1917లో సింహళమున జన్మించిన ఈ ఆంగ్లో-ఇండియన్, వాహినీవారి ‘స్వర్గసీమ’ (1945) మొదలు విజయావారి ‘గుండమ్మ కథ’ (1962) దాక మన ముఖములను మనకంటె బాగుగా చదివినాడు. ‘పాతాళభైరవి’ (1951) జానపదము. అందలి మాంత్రికుని గుహలో నీడయు ఒక పాత్రయే. ‘మిస్సమ్మ’ (1955) ఇంటింటి హాస్యము. సావిత్రి కనుబొమ కదలికయైనను జారిపోరాదు గనుక, వెలుగు సమముగా, మెత్తగా పరచుకొనవలెను. ఆ చిత్రము చూచుచున్నంతసేపు ఛాయాగ్రాహకుడొకడున్నాడన్న స్ఫురణయే కలుగదు. గుహను వెలిగించుటకంటె ఆ ఇంటి వసారాను వెలిగించుటయే కష్టమని నా అభిప్రాయము.

ఇక 1957లో కె.వి. రెడ్డి తీసిన ‘మాయాబజార్’. ఘటోత్కచుని విందులో లడ్డూలు వాటంతటవే నోటిలోనికి దొర్లుకొనిపోవుట పిల్లలకు అద్భుతము. నాకు మాత్రము శశిరేఖాభిమన్యుల పడవ విహారమే అద్భుతము. ఆ వెన్నెల చంద్రుడిచ్చినది కాదు. నిజమైన వెన్నెలను పట్టుకొనగల శక్తి ఆనాటి ఫిలిమునకు లేదు. పున్నమిరాత్రి కెమెరా త్రిప్పినను తెరమీద మిగులునది చీకటియే. కాబట్టి వెన్నెలను నిర్మింపవలెను. వెలుగును ఎదుటినుండి కుమ్మరించినచో అది పగలగును. వెనుకనుండి, పైనుండి రానిచ్చి, జుట్టు అంచును, భుజమును మాత్రము తాకనిచ్చి, ముఖమున కొంత నీడను మిగిల్చినప్పుడే కన్ను దానిని రాత్రియని నమ్మును. ఆ మోసమునందు ఎంత లాలిత్యమున్నదో ఆ పాట మరల చూచినవారికి తెలియును.

స్టూడియో దీపములతో ఇంతటివాడైనవాడు 1965లో రాము కరియట్ మలయాళ చిత్రము ‘చెమ్మీన్’ కొరకు సముద్రపు టొడ్డున, ఎర్రని ఎండలో, రంగుల ఫిలిముతో నిలిచినాడు. అచ్చట దీపము అతని చెప్పుచేతలలో లేదు. సూర్యుని కొరకు కాచుకొనియుండుటయే పని. ఆ చిత్రమునకు రాష్ట్రపతి స్వర్ణపతకము లభించినది. తరువాత తమిళ ‘శాంతినిలయం’ (1969) అతనికి ఛాయాగ్రహణమున జాతీయ పురస్కారము తెచ్చినది.

మా బొగ్గునేల తెరకెక్కుటకు మాత్రము చాల కాలము పట్టినది. 2023లో వచ్చిన ‘దసరా’ కథ సింగరేణి ప్రాంతపు పల్లెలో నడచును. దానికి ఛాయాగ్రాహకుడైన సత్యన్ సూర్యన్, అంతకు పూర్వము 2019లో ఒకే రాత్రిలో జరుగు ‘ఖైదీ’ కథను చిత్రించినవాడు. చీకటితో చెలిమి గలవాడు. ‘దసరా’లో మసి వట్టి మురికిగా గాక, మనుష్యుల చర్మమువలె కనబడినందుకు నేను ఆనందించితిని.

బాపు ఉద్యోగవిరమణ పొందిన పిమ్మట ఒక రాత్రి టీవీలో ‘మాయాబజార్’ వచ్చినది. పడవపాట నడచుచుండగా ఆయన కుర్చీలో ముందుకు వంగి, కన్నులు చికిలించి, చాలసేపు చూచి అడిగెను: “గింత ఎలుగు యాడికెల్లొస్తున్నది? తెల్లగోడ యాడ వెట్టిండ్రు?”

నేను తెరమీద తళుకులీనుచున్న నదిని వ్రేలితో చూపి, “నీళ్ళే బాపూ” అంటిని.